బాంబు పడితే తాబేలు ఏం చేస్తుంది?

2025 మే 7 సాయంత్రం బెంగళూరులో సైరన్లు మోగాయి. ఆ తెల్లవారుజామునే మన సైన్యం పాకిస్తాన్ మీద ఆపరేషన్ సిందూర్ జరిపింది. దేశంలో పౌర రక్షణ జిల్లాలుగా గుర్తించిన 244 చోట్ల మాక్ డ్రిల్ పెట్టమని కేంద్ర హోం శాఖ రెండు రోజుల ముందే చెప్పింది. కర్ణాటకలో బెంగళూరు, కార్వార్, రాయచూరు ఆ జాబితాలో ఉన్నాయి. హైదరాబాదులో నాలుగు చోట్ల, విశాఖలోనూ అదే రోజు కసరత్తు చేశారు. ఆనేకల్ తాలూకా బెంగళూరు నగర జిల్లాకు దక్షిణపు కొస. ఇక్కడినుంచి హోసూరు దాకా ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడ, సంతలో తమిళం మాట్లాడే కుటుంబాలు తరాలుగా ఉన్నాయి. ఇప్పుడు చందాపుర, ఎలక్ట్రానిక్ సిటీ చుట్టుపక్కల అపార్ట్‌మెంట్లలో గుంటూరు, కర్నూలు, కరీంనగర్ నుంచి వచ్చినవాళ్లూ కలిశారు. ఆ రెండు మూడు రోజులూ ఈ ఇళ్లన్నిటిలో పెద్దవాళ్ల వాట్సాప్‌కు సూచనలు వచ్చి పడ్డాయి. దీపాలు ఆర్పండి, కిటికీలకు దూరంగా ఉండండి, టార్చి దగ్గర పెట్టుకోండి అని. ఏడేళ్ల పిల్లకు మాత్రం ఎవరూ ఏమీ పంపలేదు. ఆ పిల్ల అడిగే ప్రశ్న ఒకటే ఉంటుంది: బాంబు మన ఇంటి మీద పడుతుందా?

ఈ ప్రశ్నకు జవాబు చెప్పడం కష్టం. పడదని మాట ఇవ్వలేం, పడుతుందని భయపెట్టలేం. ఎనభై ఏళ్లకు పైగా ప్రభుత్వాలు ఈ చిక్కులోంచి బయటపడటానికి ఒక అడ్డదారి వాడుతున్నాయి. పిల్లలతో తాము మాట్లాడకుండా బాతును, కుక్కను, తాబేలును మాట్లాడించాయి. యుద్ధకాలపు బొమ్మల సినిమాల్లో జంతువులు పన్ను కట్టమన్నాయి, కొవ్వు దాచమన్నాయి, బల్ల కిందికి దూరమన్నాయి, నేలమీద కనపడ్డ ఇనుప ముక్కను ముట్టుకోవద్దన్నాయి. ఇందులో కొన్ని నిజంగా ప్రాణాలు కాపాడే పాఠాలు. కొన్ని ఉత్త ఓదార్పులు. కొన్ని అచ్చమైన మోసాలు. ఏది ఏదో తేల్చుకోవడానికి నాకు దొరికిన కొలబద్ద ఒకటుంది. జంతువు చెప్పిన పని చూసేవాడి చేతిలో ఉన్నదేనా, కాదా? దీన్ని పట్టుకుని ఒక్కో సినిమానూ చూద్దాం.

ముందు ఒక సందేహం. మనిషి మనిషికి చెప్పే మాటను జంతువు నోట పెట్టడం ఎందుకు? పంచతంత్రం విన్న మనకు ఇది వింతేమీ కాదు. విష్ణుశర్మ రాజకుమారులకు రాజనీతి నేర్పింది సింహాలూ నక్కల చేతనే. నక్క మోసపోతే రాకుమారుడికి సిగ్గు వేయదు, పాఠం మాత్రం మిగులుతుంది. యుద్ధకాలపు కార్టూన్‌లో భయానికీ అదే ఏర్పాటు. బాంబు తాబేలు మీద పడుతుంది, పిల్లవాడు చూస్తాడు. భయం కాస్త దూరం జరుగుతుంది కాబట్టి చెప్పింది చెవికెక్కుతుంది. పైగా జంతువుకు కులం లేదు, మతం లేదు, వీధి లేదు. చూసే ప్రతివాడూ తనదే అనుకోవచ్చు. కాకపోతే పంచతంత్రంలో ఏ జంతువు ఎవరిని మోసం చేసిందో కథ స్పష్టంగా చెబుతుంది. ప్రభుత్వం తీయించిన కార్టూన్‌లో బాంబు ఎవరు వేశారు, ఎందుకు వేశారు అన్నది తరచుగా మాయమవుతుంది. బాంబు కూడా వానలాగా, పిడుగులాగా పైనుంచి రాలిపడేదే అయిపోతుంది.

ఈ పనిలోకి అందరికంటే పెద్ద ఎత్తున దిగింది వాల్ట్ డిస్నీ. 1941 డిసెంబరు 7న జపాన్ పెర్ల్ హార్బర్‌పై దాడి చేసిన రోజే అమెరికా సైన్యం ఆయన స్టూడియోలోకి వచ్చి మకాం వేసింది. కొన్ని వారాలకే ఆర్థిక శాఖ నుంచి కబురొచ్చింది. కొత్త చట్టంతో అప్పటిదాకా ఆదాయపు పన్ను ముఖం చూడని మామూలు జీతగాళ్లు కూడా పన్ను పరిధిలోకి వచ్చారు. వాళ్లకు నచ్చచెప్పే సినిమా ఒకటి కావాలి. ఆర్థిక మంత్రి హెన్రీ మోర్గెంథౌ మనసులో ఉన్నది పన్ను కట్టే సగటు మనిషి పాత్ర. డిస్నీ ఆయనకు డొనాల్డ్ డక్‌ను ఇచ్చాడు. మంత్రికి నచ్చలేదు. డొనాల్డ్‌ను ఇవ్వడమంటే వేరే స్టూడియో తన అగ్ర నటుడు క్లార్క్ గేబుల్‌ను ఇచ్చినట్టేనని డిస్నీ వాదించాడు. 1942 మొదట్లో విడుదలైన ‘ద న్యూ స్పిరిట్’లో రేడియో మాట విని ఉడుకెత్తిపోయిన బాతు, దేశం కోసం ఏం చేయమన్నా చేస్తానంటుంది. తీరా చేయాల్సింది పన్ను కట్టడమని తెలిసి ముఖం వేలాడేస్తుంది. తర్వాత ఫారం నింపుతుంది, ముగ్గురు మేనల్లుళ్లను తన పోషణలో ఉన్నవాళ్లుగా చూపి మినహాయింపు తీసుకుంటుంది. పన్ను ఫారం నింపడం చూసి జనం నవ్వారంటే అది బాతు మహిమే. సినిమా చూశాక పన్ను కట్టడానికి మనసొప్పిందని చూసినవాళ్లలో 37 శాతం మంది గాలప్ సర్వేలో చెప్పారు.

అదే ఏడాది వచ్చిన మూడు నిమిషాల సినిమా ‘అవుట్ ఆఫ్ ద ఫ్రయింగ్ పాన్ ఇంటు ద ఫైరింగ్ లైన్’ నా దృష్టిలో ఈ కోవలో అన్నిటికంటే చక్కనిది. మిన్నీ మౌస్ వంటింట్లో మాంసం వేయిస్తుంది. పెనంలో మిగిలిన కొవ్వును కుక్క ప్లూటో గిన్నెలో ఒంపబోతుంటే రేడియో ఆపమంటుంది. ఆ కొవ్వులోంచి గ్లిజరిన్ తీస్తారు, గ్లిజరిన్‌తో పేలుడు పదార్థం చేస్తారు, కనుక పారేయకుండా డబ్బాలో వడగట్టి పేరబెట్టి మాంసం కొట్టుకు తెచ్చివ్వండి అని. రుచి చూడకముందే గిన్నె పోయిందని ప్లూటో అలిగి కూర్చుంటుంది. గోడమీద సైనిక దుస్తుల్లో ఉన్న మిక్కీ ఫోటో కంటపడగానే లేచి సెల్యూట్ కొట్టి డబ్బా నోట కరుచుకుని కొట్టుకు పరిగెత్తుతుంది. ఎంత చిన్న పని! ఏ ఇల్లాలైనా చేయగలదు, ఏ పిల్లవాడైనా మోయగలడు. పోగొట్టుకునేది ఏమిటో దాచలేదు, కుక్క మొహంలోనే చూపించారు. కొవ్వునుంచి మందుగుండు వరకు దారి కూడా అబద్ధం కాదు. సబ్బు తయారీలో కొవ్వు విడిపోయినప్పుడు గ్లిజరిన్ వస్తుంది, దాన్నుంచి నైట్రోగ్లిజరిన్ తయారవుతుంది. అప్పట్లో అమెరికాకు ఆగ్నేయాసియా నుంచి కొబ్బరి, పామాయిల్ రాక జపాన్ వల్ల తెగిపోయింది. అందుకే వంటింటి కొవ్వుకు అంత గిరాకీ వచ్చింది.

డిస్నీ వాళ్లు 1943లో తీసిన ‘ద వింగ్డ్ స్కర్జ్’లో శత్రువు దోమ. అనాఫిలిస్ ఆడదోమను పోలీసులు వెతికే నేరస్థురాలిగా చూపి, స్నోవైట్ కథలోని ఏడుగురు మరుగుజ్జుల చేత గుంటల్లో నూనె చల్లించి, కిటికీలకు తెరలు కట్టించారు. ముఖ్యంగా లాటిన్ అమెరికా పల్లెల కోసం తీసిన సినిమా ఇది. మలేరియా మందుల పేర్లు వినని రైతుకు కూడా గుంట పూడ్చడం తెలుసు. ఇక్కడా పని చేతిలోనే ఉంది.

బ్రిటన్ అంత ఖర్చు పెట్టలేకపోయినా అదే దారి పట్టింది. జాన్ హలాస్, జాయ్ బ్యాచిలర్ దంపతులు నడిపిన చిన్న స్టూడియో సమాచార శాఖ కోసం యుద్ధమంతా పొట్టి సినిమాలు తీస్తూనే ఉంది. పాత ఇనుము, ఎముకలు, ఖాళీ డబ్బాలు చెత్తకుండీలోంచి లేచి కవాతు చేసే ‘డస్ట్‌బిన్ పరేడ్’ అందులో ఒకటి. అరబ్బు దేశాల కోసం అబూ అనే కుర్రాడూ అతని గాడిదా ఉన్న వరుస కూడా తీశారు. పిల్లల గ్యాస్ మాస్కులకు ఎరుపు, నీలం రంగులు వేసి వాటికి మిక్కీ మౌస్ మాస్కులని పేరు పెట్టడం కూడా అప్పటిదే. ముఖానికి రబ్బరు బిగించుకోవడమంటే ఏ బిడ్డయినా గోలపెడుతుంది. ఎలుక పేరు చెబితే కాస్త తగ్గుతుందని ఆశ.

మరి అప్పుడు మన సంగతేమిటి? 1942 ఏప్రిల్ 6న జపాన్ విమానాలు విశాఖపట్నం మీద, కాకినాడ మీద బాంబులు వేశాయి. అంతకుముందు రోజే కొలంబో మీద పడ్డాయి. కోస్తాలో నష్టం మరీ పెద్దది కాకపోయినా భయం మాత్రం ఊళ్లకు ఊళ్లను కదిలించింది. విశాఖ జనం బండ్లు కట్టుకుని పల్లెల దారి పట్టారు. మద్రాసులో ప్రభుత్వం ఆఫీసులను లోపలి ఊళ్లకు తరలించింది, జనమూ నగరం ఖాళీ చేశారు, అక్కడ పనిచేస్తున్న మన సినిమావాళ్లూ సొంత ఊళ్లకు చేరారు. వైమానిక దాడుల జాగ్రత్తలు చూసే ఏ.ఆర్.పి. వార్డెన్లు దీపాలు ఆర్పించేవారు, కందకాలు తవ్వించేవారు. 1943లో ఏర్పడ్డ ఇన్ఫర్మేషన్ ఫిల్మ్స్ ఆఫ్ ఇండియా యుద్ధ సమాచార చిత్రాలను తెలుగులో కూడా విడుదల చేసేది. ప్రతి ఆటలోనూ వాటిని చూపి తీరాలని థియేటర్లకు ఆంక్ష పెట్టారు. అవి ఎక్కువగా గంభీరమైన గొంతుతో సాగే డాక్యుమెంటరీలు, వార్తా చిత్రాలు. పిల్లలు పేరు పెట్టి పిలుచుకునే కుక్క గానీ బాతు గానీ మనకు దక్కలేదు. పరాయి ప్రభుత్వం, పరాయి యుద్ధం, పైగా క్విట్ ఇండియా ఉద్యమ కాలం. ఏ జంతువు చెబితే మాత్రం జనం మనస్ఫూర్తిగా విని ఉండేవారు?

ఆ ఏప్రిల్‌లో విశాఖనూ మద్రాసునూ ఖాళీ చేయించడంలో బాంబులకంటే వదంతుల పాత్ర ఎక్కువ. సరిగ్గా ఈ జబ్బు మీదే డిస్నీ 1943లో ‘చికెన్ లిటిల్’ తీసింది. మంచి కంచె ఉన్న కోళ్లఫారం. నక్క లోపలికి రాలేదు. అందుకని మనస్తత్వశాస్త్రం పుస్తకం ఒకటి తెరిచి, మందలో అందరికంటే తెలివితక్కువ కోడిపిల్లను ఎంచుకుని, దాని నెత్తిన చెక్క నక్షత్రం ఒకటి పడేసి, ఆకాశం విరిగి పడుతోందని నమ్మిస్తుంది. మొదట పెద్దపుంజు దాన్ని కొట్టిపారేస్తుంది. అప్పుడు నక్క కంచె సందుల్లోంచి గుసగుసలాడి, పెద్దపుంజుకే మతిపోయిందని ప్రచారం మొదలుపెడుతుంది. చివరకు మందంతా భద్రమైన కంచె వదిలి నక్క గుహలోకి పరిగెత్తుతుంది. కథ చెప్పేవాడు ఇది నా పుస్తకంలోని ముగింపు కాదని గోల పెడతాడు. నక్క మాత్రం తిని తేన్పుతూ కూర్చుంటుంది. పిల్లల కార్టూన్‌లో ఇంత చేదు ముగింపు అరుదు. నాయకుడి మీద నమ్మకం పోగొట్టడం, నోటి మాటను గొలుసు కట్టించడం, భద్రమైన చోటును ప్రమాదంగా చూపించడం. వదంతి నడిచే ఈ మూడు మెట్లనూ ఎనిమిది నిమిషాల్లో ఇంత బాగా విప్పి చెప్పినది ఇంకొకటి నేను చూడలేదు. 2025 మేలో దొంగ వీడియోలు ఫోన్ నుంచి ఫోన్‌కు ఎగిరిన తీరు చూసినవాళ్లకు ఆ నక్క కొత్తదేమీ కాదు.

తెరమీది జంతువులు ఇలా ప్రజలను కాపాడుతున్న రోజుల్లోనే నిజం జంతువులకు వేరే గతి పట్టింది. మద్రాసు పీపుల్స్ పార్కులోని జంతుశాలలో సింహాలనూ పులులనూ చిరుతలనూ ఎలుగులనూ 1942 ఏప్రిల్‌లో కాల్చి చంపేశారు. బాంబు పడి బోను విరిగితే అవి వీధిలోకి వస్తాయని భయం. ఆనేకల్ తాలూకాలో బన్నేరుఘట్ట జంతుశాల పక్కన ఉంటున్నవాళ్లకు ఈ సంగతి చెబితే ఒక్క క్షణం మాట పడిపోతుంది. టోక్యోలోని ఉఎనో జంతుశాల కథ ఇంకా దారుణం. 1943 ఆగస్టులో అక్కడి గవర్నర్ పెద్ద జంతువులను చంపమన్నాడు. అప్పటికి టోక్యో మీద భారీ దాడులు మొదలే కాలేదు. జనానికి యుద్ధ తీవ్రత తలకెక్కించడమే అసలు ఉద్దేశమని చరిత్రకారులు తర్వాత తేల్చారు. మూడు ఏనుగులను ఆకలితో మాడ్చి చంపారు. సెప్టెంబరు 4న చనిపోయిన జంతువులకు సంస్మరణ సభ పెట్టినప్పుడు వాటిలో రెండు ఏనుగులు తెర చాటున ఇంకా బతికే ఉన్నాయి. నిజం జంతువుల చావునే పౌర రక్షణ ప్రచారంగా వాడుకున్న సందర్భం ఇది.

అదే సంవత్సరం మార్చిలో జపాన్ నౌకాదళం కోసం సెఓ మిత్సుయో తీసిన ‘మొమొతారో సముద్ర డేగలు’ విడుదలైంది. పీచు పండులోంచి పుట్టిన బాలుడు మొమొతారో కుక్క, కోతి, నెమలికోడి జాతి పక్షిని వెంటేసుకుని రాక్షసుల దీవిని జయించడం అక్కడి పిల్లలందరికీ తెలిసిన జానపద కథ. సినిమాలో ఆ దీవి పెర్ల్ హార్బర్, జంతువులే విమానాలు నడిపే సైనికులు. ఓడిపోయే రాక్షసుల్లో పాపాయ్ కార్టూన్లలోని బండ బ్లూటో కూడా కనిపిస్తాడు. శత్రువు కార్టూన్‌నే శత్రువు మీదికి తిప్పారన్నమాట. 1945లో దానికి కొనసాగింపుగా 74 నిమిషాల సినిమా వచ్చింది. జపాన్ మొదటి పూర్తినిడివి యానిమేషన్ ఇదే. ఇందులో ఒక దీవిలోని అడవి జంతువులు వరసగా కూర్చుని జపాన్ అక్షరాలు పాడుతూ నేర్చుకుంటాయి. ముచ్చటగా ఉంటుంది. కాసేపటికి గాని వలస పాలన చేస్తున్న పని ఇదేనని తట్టదు. ఇక్కడ నా కొలబద్ద పూర్తిగా విరిగిపోతుంది. చూసే పిల్లవాడి చేతిలో ఏ పనీ లేదు, చప్పట్లు కొట్టడం తప్ప.

యుద్ధం ముగిసి నాలుగేళ్లయ్యాక టోక్యో పిల్లలు ఏనుగు కావాలని నెహ్రూకు ఉత్తరాలు రాశారు. 1949 సెప్టెంబరులో ఆయన కూతురి పేరు పెట్టుకున్న ఇందిర అనే ఏనుగు ఉఎనో చేరింది. అది మైసూరు రాష్ట్రపు ఏనుగు. దానికి తెలిసిన ఆజ్ఞలన్నీ కన్నడంలోనే ఉండటంతో వెంట వెళ్లిన మావటీలు కొన్నాళ్లుండి జపాను మావటీలకు ఆ మాటలు నేర్పి వచ్చారు.

ఇప్పుడు అసలు తాబేలు దగ్గరికి వద్దాం.

1949 ఆగస్టులో సోవియట్ యూనియన్ అణుబాంబు పరీక్షించింది. అమెరికా ఉలిక్కిపడి ఫెడరల్ పౌర రక్షణ విభాగం ఏర్పాటు చేసుకుంది. ఆ విభాగం ఆర్చర్ ప్రొడక్షన్స్ చేత బడిపిల్లల కోసం తొమ్మిది నిమిషాల సినిమా తీయించి 1952 జనవరిలో బయటపెట్టింది. పేరు ‘డక్ అండ్ కవర్’, అంటే వంగు, కప్పుకో. మొదట్లో బెర్ట్ అనే బొమ్మ తాబేలు తలకు టోపీ పెట్టుకుని నడిచి వస్తుంది. చెట్టు మీది కోతి కర్రకు టపాకాయ కట్టి దాని ముఖం ముందు వేలాడదీస్తుంది. బెర్ట్ చటుక్కున చిప్పలోకి దూరుతుంది. టపాకాయ పేలాక చూస్తే చెట్టు మాడిపోయి ఉంటుంది, కోతి జాడ ఉండదు, బెర్ట్ క్షేమం. ఆ తర్వాత తెర మీదికి నిజమైన పిల్లలు వస్తారు. న్యూయార్క్ బడి పిల్లలు బల్లల కిందికి దూరుతారు. టోనీ అనే కుర్రాడు సైకిల్ మీద పోతూ మెరుపు చూడగానే దిగి గోడవారన నేలకు కరుచుకుంటాడు. విహారానికి వెళ్లిన కుటుంబం బల్లమీది గుడ్డ కప్పుకుంటుంది.

ఈ సినిమాను చూసి ప్రపంచం నవ్వింది. అణుబాంబుకు అడ్డం బల్లగుడ్డా అని. బాంబు పడ్డ చోటికి దగ్గరగా ఉంటే బల్ల ఏమీ చేయలేదన్నది నిజమే. రేడియో ధార్మిక ధూళి ఎన్ని రోజులు, ఎన్ని మైళ్లు వెంటాడుతుందన్న సంగతిని సినిమా దాదాపు ముట్టుకోదు. బాంబు ఎవరిదన్న ప్రశ్న అసలే లేదు. చెట్టెక్కిన ఒక అల్లరి కోతి, అంతే. 1952 నవంబరులోనే అమెరికా హైడ్రోజన్ బాంబు పేల్చింది. దాంతో సినిమా ఏడాది తిరగకముందే పాతబడింది.

అయినా నవ్వి వదిలేయడం న్యాయం కాదు. పేలుడు ఎలా సాగుతుందో ఒకసారి చూడండి. వెలుగు మొదట వస్తుంది, క్షణంలో. దాని వెనక గాలి దెబ్బ వస్తుంది, దాదాపు ధ్వని వేగంతో, దూరాన్నిబట్టి కిలోమీటరుకు సుమారు 3 సెకన్ల చొప్పున ఆలస్యంగా. ఐదారు కిలోమీటర్ల అవతల ఉన్నవాడికి మెరుపుకూ దెబ్బకూ మధ్య పదిహేను సెకన్ల వ్యవధి దొరకవచ్చు. ఆ వ్యవధిలో మనిషి సహజంగా చేసే పని కిటికీ దగ్గరికెళ్లి అదేమిటా అని చూడటం. అప్పుడు అద్దం పగిలి ముఖంలో దిగుతుంది. 2013 ఫిబ్రవరి 15న రష్యాలోని చెల్యాబిన్స్క్ నగరం పైన ఉల్క పేలినప్పుడు సరిగ్గా ఇదే జరిగింది. వెలుగు చూసి కిటికీల దగ్గరికి చేరిన జనం, రెండు నిమిషాలు దాటాక వచ్చిన గాలి దెబ్బకు గాయపడ్డారు. సుమారు 1,500 మంది చికిత్స కోసం వెళ్లారు, ఎక్కువమందికి గాజు పెంకులే కారణం. ఒక బడిలో నాలుగో తరగతి టీచరు మాత్రం ఆ వెలుగు చూడగానే పిల్లలందరినీ బల్లల కిందికి దూరమంది. తనకు చేయి కోసుకుపోయింది గానీ పిల్లలకు ఏమీ కాలేదు. అరవై ఏళ్ల తర్వాత, అదీ రష్యాలో, బెర్ట్ పాఠం పనికొచ్చింది.

కనుక బెర్ట్ చెప్పిన పనిలో తప్పు లేదు. ఆ పని ఎంతవరకు పనికొస్తుందన్నది దాచడంలో తప్పుంది. దూరాన ఉన్నవాడికి సరిపోయే సలహాను అందరికీ సరిపోయేదన్నట్టు చూపించారు. తాబేలును ఎంచుకోవడంలోనే ఆ మాయ ఉంది. తాబేలుకు చిప్ప పుట్టుకతో వచ్చింది, పిల్లవాడికి బల్ల మాత్రమే ఉంది. ఈ తేడాను పాట పాడి మరిపించారు.

బ్రిటన్‌లో ఒక చిత్రమైన సంగతి జరిగింది. 1973లో రిచర్డ్ టేలర్ కార్టూన్స్ అనే సంస్థ ‘చార్లీ సేస్’ అనే పొట్టి సినిమాలు తీసింది. అగ్గిపెట్టెతో ఆడొద్దు, కొత్తవాళ్ల వెంట వెళ్లొద్దు అని చార్లీ అనే పిల్లి మ్యావుమంటుంది, కుర్రాడు దాని మాటలు మనకు చెబుతాడు. (ఆ కుర్రాడి పేరూ టోనీయే. ప్రమాదాలన్నీ టోనీలకే వస్తాయి కాబోలు.) కొన్నేళ్లకు ఇదే సంస్థ అణుదాడి వస్తే ఇంట్లో ఏం చేయాలో చెప్పే ‘ప్రొటెక్ట్ అండ్ సర్వైవ్’ వరుసనూ ప్రభుత్వం కోసం తీసింది. అందులో పిల్లి లేదు. ముఖాలు లేని గీతల బొమ్మలు, నిదానమైన గొంతు, తలుపులతో గోడవారన గూడు కట్టుకోవడం, ఇంట్లో ఎవరైనా చనిపోతే ఏం చేయాలో చెప్పడం. పిల్లిచేత చెప్పించగలిగినదేదో, చెప్పించలేనిదేదో ఆ చిత్రకారులకు తెలిసే ఉంటుంది. జంతువును తీసేయడం కూడా ఒక రకమైన నిజాయితీ అని నా నమ్మకం. అసలు యుద్ధం వచ్చినప్పుడు వేద్దామని దాచిన ఆ చిత్రాలు 1980లో బయటపడి జనాన్ని వణికించాయి.

ఇవన్నీ చరిత్ర. ఇప్పుడు జరుగుతున్న యుద్ధంలో ఉన్న జంతువు పేరు ప్యాట్రన్. ఉక్రెయిన్ అత్యవసర సేవల విభాగంలో చెర్నిహివ్ నగరాన బాంబులు వాసన పట్టే జాక్ రస్సెల్ జాతి కుక్క. పిడికెడంత ఉంటుంది. ఆ తేలికతనమే దానికి రక్ష, కాలు పడినా చాలా రకాల మందుపాతరలు పేలేంత బరువుండదు. 2022 మేలో అధ్యక్షుడు జెలెన్‌స్కీ దానికి పతకం ఇచ్చాడు. ఆ ఏడాది చివరికి యునిసెఫ్ తోడ్పాటుతో దాని పేరున యానిమేషన్ సిరీస్ యూట్యూబ్‌లో మొదలైంది. దాని ప్రధాన పాఠం మూడు మాటల్లో ఉంటుంది. దగ్గరికి పోవద్దు, ముట్టుకోవద్దు, 101కి ఫోన్ చేయి.

ఈ కుక్క వెనకటి జంతువులన్నిటికంటే ఒక అడుగు ముందుంది. బెర్ట్ లాంటి తాబేలు లోకంలో లేదు. ప్యాట్రన్ మాత్రం నిజంగా ఉంది, నిజంగా బాంబులు వెతుకుతుంది. పిల్లలు దాని బొమ్మ చూసి, మర్నాడు వార్తల్లో అసలు కుక్కనూ చూస్తారు. ఇంకో సంగతి, ఇది పిల్లలను ధైర్యం చూపమనదు. ధైర్యమంతా కుక్కది, దాని శిక్షకుడిది. పిల్లల వంతు ఆగడం, ఫోన్ చేయడం. బోస్నియా పిల్లల కోసం 1996లో సూపర్‌మ్యాన్‌తో మందుపాతరల కామిక్ ఒకటి వేశారు. అందులో ప్రమాదంలో పడ్డ పిల్లలను సూపర్‌మ్యాన్ ఎగిరొచ్చి ఎత్తుకుపోతాడు. మందుపాతరల మధ్య బతికే పిల్లవాడికి నేర్పకూడనిది సరిగ్గా అదే, ఎవరో వచ్చి ఎత్తుకుపోతారని. కుక్క ఎగరదు కాబట్టి ఆ ఇబ్బంది లేదు.

ముట్టుకోవద్దన్న పాఠం మనకు సంబంధం లేనిదేమీ కాదు. తెలంగాణ, ఛత్తీస్‌గఢ్ సరిహద్దున ములుగు జిల్లా అడవుల్లో వెదురుకో కట్టెలకో వెళ్లిన మామూలు జనం మందుపాతరలు పేలి చనిపోయారు, కాళ్లు పోగొట్టుకున్నారు. ఆ పల్లెల పిల్లలకు గోండిలో, తెలుగులో ఒక ప్యాట్రన్ చెప్పాల్సిన మాటలు చాలా ఉన్నాయి.

మన దేశంలో ప్రభుత్వ యానిమేషన్ జంతువులతోనే మొదలైందని చాలామందికి తెలియదు. ఫిల్మ్స్ డివిజన్ కార్టూన్ విభాగానికి శిక్షణ ఇవ్వడానికి 1956లో క్లెయిర్ వీక్స్ వచ్చాడు. మన దేశంలో పుట్టిన మిషనరీ బిడ్డ, డిస్నీలో స్నోవైట్, బ్యాంబీ సినిమాలకు పనిచేసినవాడు. ఆయన దగ్గర నేర్చిన బృందం 1957లో ‘ద బనియన్ డీర్’ తీసింది. జాతక కథ. నిండు చూలాలైన జింకకు బదులు తన తల నరకమని జింకల రాజు వచ్చి నిలబడటం అందులో కథ. ఎంత గొప్ప కథైనా పౌర రక్షణకు మాత్రం అక్కరకు రాదు. తనను తాను ఎలా కాపాడుకోవాలో ఆ జింక చెప్పదు. ఐదేళ్లు తిరిగేసరికి మన సరిహద్దుల్లోనే వరసగా యుద్ధాలు వచ్చాయి, 1962, 1965, 1971. విశాఖ తీరాన పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ మునిగిన 1971 డిసెంబరులో ఆ నగరం దీపాలార్పుకుని రాత్రులు గడిపింది. 1968లో పౌర రక్షణ చట్టం కూడా వచ్చింది.

ఇక్కడి పిల్లల కోసం ఇప్పుడు అలాంటి సినిమా తీయాల్సివస్తే ఏ జంతువును పెట్టాలి? ఆనేకల్ దగ్గర అందరికీ మొదట తట్టేది ఏనుగే. అది కుదరదు. బన్నేరుఘట్ట అడవినుంచి, అవతల తమిళనాడు వైపునుంచి రాగి కోతల కాలంలో ఏనుగులు పొలాల్లోకి దిగుతాయి. ఏనుగు కనపడితే దగ్గరికి పోవద్దని, సెల్ఫీ తీసుకోవద్దని ఈ పల్లెల్లో పిల్లలకు చెప్పి చెప్పి పెద్దల నోళ్లు నొప్పెడుతుంటాయి. రక్షించమని అదే ఏనుగును తెర మీదికి తెస్తే రెండు పాఠాలూ చెడతాయి. కోతి బెర్ట్ సినిమాలోనే దొంగ. వీధి కుక్క విషయంలో బెంగళూరు అపార్ట్‌మెంట్లలో రెండు పార్టీలున్నాయి, దాన్ని పెడితే సినిమా పక్కకుపోయి గొడవే మిగులుతుంది. ఉడుత నాకు నచ్చుతుంది. సేతువు దగ్గర ఇసుక దులిపి తన చేతనైనంత చేసిన ప్రాణి అది. చేతకానిది చేసినట్టు ఎవరూ దాని గురించి కథ చెప్పలేదు.

ఆ ఉడుతకు ఏ పని అప్పగించాలన్నది అంతకంటే ముఖ్యం. హెచ్చుతగ్గులతో ఊగే సైరన్ అంటే ప్రమాదం, ఒకే స్థాయిలో సాగే సైరన్ అంటే ప్రమాదం తొలగింది అన్న తేడా వినిపించాలి. మే 7న చాలామంది పెద్దలకే ఆ తేడా తెలియలేదు. దీపం ఆర్పి, తెర దించి, లిఫ్టు ఎక్కకుండా మెట్ల దగ్గరికి వెళ్లడం చూపించాలి. వచ్చిన వీడియోను పంపేముందు అమ్మకు చూపించడం కూడా. చందాపుర చుట్టూ లేస్తున్న పదిహేను, ఇరవై అంతస్తుల భవనాల్లో ప్రతి హాలుకూ బాల్కనీ వైపు నేలనుంచి పైకప్పు దాకా గాజు తలుపులున్నాయి. మెరుపు కనపడితే పిల్లలు పరిగెత్తేది సరిగ్గా అటువైపే. ఆ ఇంట్లో గాజు లేని గోడ ఏదో, దాని పక్కకు ఎన్ని అడుగుల్లో చేరవచ్చో పిల్లలచేతనే వెతికించే సీను ఒకటి ఉంటే, మిగతా సినిమా ఎలా ఉన్నా ఫరవాలేదు.